‘నార్మల్’ అను విశేషణము

ఆంగ్లభాషనుండి మన యిండ్లలోనికి వచ్చిన విశేషణములలో ‘నార్మల్’ అను దానికున్న చొరవ మఱియొకదానికి లేదు. కోడలికి నార్మల్ కాన్పు. తాతగారి రక్తపరీక్ష నార్మల్. ఈ యేటి వానలు నార్మల్. పొరుగింటి పిల్లవాడు నార్మల్ కాడు. ప్రవేశపరీక్ష మార్కులకు నార్మలైజేషన్ చేసిరి. ఒక్క పూట సంభాషణములోనే ఈ మాట యిన్నిసారులు వినవచ్చును. ఒక్కొక్క చోట దాని యర్థము వేఱు. అయినను పలుకువారును వినువారును అంతట నొకటే యర్థమున్నదని తలంతురు. మేమీ వ్యాసమున ఆ మాటను నిందింపబూనలేదు. ఒక యర్థమున మనచేత నొప్పించుకొని మఱియొక యర్థమున తీర్పు చెప్పించుకొను దాని నడకను పరిశీలింపదలచితిమి. ఆ నడకను పట్టుకొనగల శక్తి తెలుగునకున్నది. ఆ శక్తిని మన యనువాదకులు తఱచుగా వ్యర్థము చేయుచున్నారు. మా ఫిర్యాదు ముఖ్యముగా నిదియే.

లాటిన్ భాషలో ‘నార్మా’ యనగా వడ్రంగి చేతి మూలమట్టము. గోడయు నేలయు, స్తంభమును దూలమును ఒకదానితో నొకటి సరిగా 90 డిగ్రీల కోణమున కలిసినవా లేదా యని చూచు పనిముట్టు. కావుననే క్షేత్రగణితమున ఒక తలమునకు నిటారుగా నిలిచిన రేఖను నార్మల్ అందురు. అద్దముపై పడిన కిరణముయొక్క పతనకోణమును ఈ రేఖనుండియే కొలుతురు. మన పాఠ్యపుస్తకములవారు దీనిని ‘లంబము’ అని తెనిగించి మేలు చేసిరి. తెలుగున చదువు విద్యార్థికి ఇచ్చట చిక్కు లేదు. ఇంగ్లీషున చదువువానికే ‘నార్మల్ గీయుము’ అన్నపుడు మామూలు గీత యేదో గీయుమన్నట్లు తోచును. ఈ తబ్బిబ్బును మేము తరగతిగదిలో పలుసారులు చూచియున్నాము. మూలమట్టమును మీఱినది గనుకనే మిక్కిలి పెద్దదానికి ఆ భాషలో ‘ఎనార్మస్’ అను పేరు వచ్చినది.

మూలమట్టముతో గోడను కొలుతురు గాని గోడతో మూలమట్టమును కొలువరు. ఈ భావము నుండియే ‘నలుగురికి ఒరవడియైనది’ అను రెండవ యర్థము పుట్టినది. ఫ్రాన్సులో విప్లవప్రభుత్వము 1794లో ఉపాధ్యాయుల శిక్షణకై ‘ఎకోల్ నార్మాల్’ అను విద్యాలయమును నిర్ణయించినది. బోధన యెట్లుండవలెనో చూపు ఒరవడిబడి యని దాని భావము. ఆ పేరే మన దేశమునకును వచ్చినది. 1855లో కలకత్తాలో ఈశ్వరచంద్ర విద్యాసాగరుల పూనికతో నార్మల్ పాఠశాల యేర్పడినది. 1856లో చెన్నపట్టణమున స్థాపించిన ప్రభుత్వ నార్మల్ పాఠశాలయే తరువాత సైదాపేట ఉపాధ్యాయ కళాశాలగా ప్రసిద్ధమైనది. ఆ బడి ‘నార్మల్’ అగుటచేత తక్కిన బడులన్నియు పిచ్చిబడులని యెవరును తలంపలేదు. ఒరవడి వేఱు, ఒరవడిని చూచి దిద్దిన వ్రాత వేఱు అని నాడు అందఱికిని తెలియును.

రసాయనశాస్త్రమున ఈ మాటకు మఱి రెండు పనులు కలవు. లీటరు ద్రావణములో ఒక గ్రాము తుల్యభారము పదార్థము కరగియున్నచో దానిని నార్మల్ ద్రావణమందురు. కర్బన పరమాణువులు కొమ్మలు లేక వరుసగా నిలిచిన బ్యూటేనును నార్మల్ బ్యూటేనని, కొమ్మగలదానిని ఐసోబ్యూటేనని పిలుతురు. ఆ రెండవదానికి రోగమేమియు లేదు. మన వంటగ్యాసులో రెండును కలిసియే మండుచున్నవి. ఇక ఆసుపత్రిలో రోగికి ఎక్కించు ‘నార్మల్ సెలైన్’ సంగతి చూడుడు. అందు లీటరునకు 9 గ్రాముల ఉప్పుండును. రసాయనశాస్త్రము చెప్పు నార్మల్ ప్రకారమైనచో 58 గ్రాములకు పైగా ఉండవలెను, అనగా ఆఱు రెట్లకు మించి. పోనీ, రక్తముతో సమానమగుటచేత ఆ పేరు వచ్చినదందమా? ఆ ద్రవములో సోడియము లీటరునకు 154 మిల్లీమోలులు. ఆరోగ్యవంతుని రక్తములో 135 మొదలు 145 వరకు. క్లోరైడు విషయమున అంతరము ఇంకను హెచ్చు. రెండర్థములలో దేనికిని పూర్తిగా చెల్లకయే ఆ సీసాకు ఆ పేరు నిలిచిపోయినది. కావుననే జాగరూకులైన వైద్యులు ‘0.9 శాతము సోడియం క్లోరైడు’ అని విప్పి వ్రాయుదురు. సందేహమునకు తావున్నచోట విశేషణమును విడిచి సంఖ్యను చెప్పుటకు ఇది మంచి దృష్టాంతము.

ఇంతవరకు చెప్పిన యర్థములు మనుష్యుని నొప్పింపవు. చిక్కు పుట్టినది మనుష్యులను లెక్కించుటతో. బెల్జియము దేశీయుడగు కెట్లే జ్యోతిశ్శాస్త్రజ్ఞుడు. ఒకే నక్షత్రమును పలువురు కొలిచినపుడు కొలతలు కొంచెము కొంచెముగా భేదించును. వానిని గ్రాఫుగా గీసినచో నడుమ ఉబ్బి ఇరువైపుల వాలిన గంట ఆకారము వచ్చును. నడిమిది సత్యమునకు దగ్గఱ. ప్రక్కలవి కొలుచువారి పొరపాట్లు. ఈ పద్ధతిని కెట్లే మనుష్యుల యెత్తునకును ఛాతీకొలతకును అన్వయించెను. 1835లో ప్రకటించిన గ్రంథమున ‘సగటు మనుష్యుడు’ అను భావమును ప్రతిపాదించెను. నక్షత్రముల విషయమున నడిమి సంఖ్య సత్యమునకు గుర్తు. మనుష్యుల విషయమున అది కేవలము నడిమి సంఖ్య. కెట్లే యీ భేదమును పాటింపక సగటు మనుష్యునే ప్రకృతి యుద్దేశించిన ఆదర్శముగా భావించెను. పొడుగువాడును పొట్టివాడును ప్రకృతి చేసిన పొరపాట్లయిరి. లెక్క తీర్పుగా మాఱినది ఈ మలుపుననే.

తరువాత ఇంగ్లండులో గాల్టన్ ఆ గంటరేఖనే చేతబట్టి వేఱొక తీర్పు చెప్పెను. ఆతని దృష్టిలో నడుమనున్నవారు సామాన్యులు, కుడికొసనున్నవారు శ్రేష్ఠులు, ఎడమకొసనున్నవారు జాతికి భారము. 1883లో ‘యూజెనిక్స్’ అను పేరుపెట్టి సంతానమును ఎవరు కనదగుదురో నిర్ణయింపవలెనని వాదించెను. ఆ వాదము పెరిగి పెరిగి, అమెరికాలో 1927 నాటి సుప్రీంకోర్టు తీర్పు మూలమున బలవంతపు కుటుంబనియంత్రణ శస్త్రచికిత్సలకు చట్టబలమును, జర్మనీలో 1933లో అట్టిదే యగు శాసనమును తెచ్చినది. రేఖ ఒక్కటే, దానిని చూచి ఒకడు నడిమివారిని మెచ్చెను, ఒకడు కొసవారిని మెచ్చెను. మెప్పు రేఖలో లేదు, చూచువాని కంటిలో నున్నది. ఆ రేఖకు ‘నార్మల్’ అను పేరును వ్యాప్తిలోనికి తెచ్చినవారిలో కార్ల్ పియర్సన్ ముఖ్యుడు. ఆయనయే 1920లో ఆ పేరువలన తక్కిన రేఖలన్నియు ఏదో విధముగా చెడినవని జనులు తలంచుటకు అవకాశము కలిగినదని వ్రాసెను. మాట పెట్టినవాడే మాటవలని హానిని గుర్తించుట అరుదు.

గృహస్థులకు ఈ విశేషణము ఎక్కువగా ఎదురగునది వైద్యమున. దేహోష్ణత 98.6 డిగ్రీలని మనమందఱము వల్లించితిమి. జర్మను వైద్యుడు వుండర్‌లిష్ 1868లో సుమారు 25,000 మంది రోగులను పరీక్షించి తేల్చిన సగటు అది. 1992లో అమెరికాలో 148 మంది ఆరోగ్యవంతులను పరీక్షింపగా సగటు 98.2 అని తేలినది. మనిషికి మనిషికిని, ఉదయమునకు సాయంకాలమునకును భేదముండును. సగటును గీటుగా భావించిన తల్లి 99 చూచి తల్లడిల్లును.

రక్తపరీక్ష కాగితముపై ఒక ప్రక్కన అచ్చువేయు హద్దుల సంగతి ఇంకను తెలిసికొనదగినది. పెక్కు పరీక్షలకు ఆ హద్దులను నిర్ణయించు విధము ఇది: ఆరోగ్యవంతులను పలువురను పరీక్షించి, వారిలో నడిమి 95 శాతము మంది ఫలితములను ‘నార్మల్’ అందురు. అనగా నూఱుగురు ఆరోగ్యవంతులలో ఐదుగురు ఆ హద్దులకు వెలుపల నుండి తీరవలెను. ఆ పద్ధతియే అట్టిది. పరస్పర సంబంధము లేని 20 పరీక్షలను ఏ జబ్బును లేనివానికి చేసినచో, ఒక్కటియైనను హద్దు దాటుటకు సుమారు 64 శాతము అవకాశమున్నది. మందమైన అక్షరములలో ముద్రించిన ఒక్క సంఖ్యను చూచి ఇంటిల్లిపాదియు నిద్రమానుట ఎన్ని యిండ్లలో జరుగుటలేదు? అయితే అన్ని హద్దులును ఇట్టివి కావు. పరగడుపున రక్తములో చక్కెర డెసిలీటరునకు 126 మిల్లీగ్రాములు దాటినచో మధుమేహమనుట జనుల సగటును బట్టి పెట్టిన హద్దు కాదు. ఆ పైన కంటి నరములకు హాని హెచ్చుటను చూచి పెట్టినది. ఊరిలో సగముమందికి చక్కెర పెరిగినను అది ‘అందఱికి ఉన్నదే’ యని ఊరకుండరాదు. మొదటి హద్దు లెక్కకు సంబంధించినది, రెండవది మేలుకీడులకు సంబంధించినది. కాగితముపై రెండింటికిని ఒక్కటే విశేషణము. కావున వైద్యుని ‘ఇది నార్మలా?’ అని యడుగుటకంటె ‘ఈ హద్దు దేనిని బట్టి పెట్టినది? దాటినందున నాకేమి హాని?’ అని యడుగుట మేలు.

ఇక మన యనువాదముల సంగతి. పత్రికలవారును ప్రభుత్వ ప్రకటనలవారును ఈ విశేషణము కనబడగనే ‘సాధారణ’ అని వ్రాసి ముందునకు సాగుదురు. పలువురకు సమానముగా చెందునది సాధారణము. తర్కశాస్త్రమున ‘సాధారణ’ మనునది ఒక హేతుదోషము పేరు. సాధ్యమున్నచోటను లేనిచోటను ఒక్కరీతిగా చెల్లు హేతువు దేనిని గాని సాధింపజాలదని తార్కికుల మతము. అంతట చెల్లు మాట ఎచ్చటను ఏమియు నిరూపింపదు. ‘సాధారణ’ అను పదమునకు నేడు ఆ పేరుగల దోషమే పట్టినది.

కాన్పు విషయమునే చూడుడు. ‘సాధారణ ప్రసవము’ అని వ్రాయుచున్నారు. 2019–21 నాటి జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారము తెలంగాణమున 60.7 శాతము, ఆంధ్రప్రదేశమున 42.4 శాతము కాన్పులు శస్త్రచికిత్సతో జరిగినవి. దేశమంతటను కలిపి చూచినచో 21.5 శాతమే. తెలంగాణమున ‘సాధారణ’ మనబడినది తక్కువమందికి జరిగినది, ‘అసాధారణ’ మనబడినది ఎక్కువమందికి జరిగినది! విశేషణము సంఖ్యకు ఎదురు నిలిచినది. దేశ ప్రజలందఱి లెక్కలో ఈ శస్త్రచికిత్సలు 10 శాతమును మించినందువలన తల్లీబిడ్డల మరణములు తగ్గుచున్నట్లు కనబడలేదని ప్రపంచ ఆరోగ్యసంస్థ 2015లో ప్రకటించియున్నది. ఇట్టి స్థితిలో ‘సాధారణ’ మను మాట ప్రశ్నను లేపవలసినచోట జోలపాడుచున్నది. కొందఱు ‘సహజ ప్రసవము’ అందురు. అట్లయినచో ప్రాణము నిలుపుకొనుటకై శస్త్రమునకు ఒప్పుకొన్న తల్లి అసహజమైన పని చేసినదా? మన ముత్తవ్వలు ‘సుఖప్రసవము’ అనిరి. సుఖమెంతయో వారికే తెలియును. మా మతమున ‘కోతలేని కాన్పు’, ‘కోతతో కాన్పు’ అని ఉన్నదున్నట్లు చెప్పుట ఉత్తమము. అందు జరిగినదానిని తెలుపుట కలదు; తల్లిని తూచుట లేదు.

వర్షము విషయమున పొరపాటు వేఱు విధమైనది. భారత వాతావరణశాఖవారు 1971 మొదలు 2020 వరకు గల యేండ్ల సగటును తీసి, దేశమున నైరృతి ఋతుపవన వర్షము 87 సెంటీమీటర్లని నిర్ణయించిరి. అందు 96 నుండి 104 శాతము వరకు కురిసినచో నార్మల్. ఇది శుద్ధముగా లెక్క. ‘ఈ యేడు సాధారణ వర్షపాతము’ అని పత్రికలో చూచిన పట్టణవాసి పంటలు చక్కగా పండినవని భావించును. నాలుగు నెలల వాన పది దినములలో కుండపోతగా కురిసి తక్కిన దినములు ఎండినను మొత్తము సగటునకు సరిపోవచ్చును. అనంతపురము వంటి కఱవుసీమలో సగటు వానయే పెక్కు పంటలకు చాలదు. ఇచ్చట ‘సగటు వాన’ అని వ్రాసినచో రైతునకు అన్యాయము జరుగదు. ‘సగటు’ మెచ్చుకొనదు, ఓదార్చదు. లెక్క చెప్పి ఊరకుండును. ప్రవేశపరీక్షల నార్మలైజేషనును అట్లే ‘ఒకే కొలతకు తెచ్చుట’ యన్నచో, వేఱువేఱు పూటల ప్రశ్నపత్రములలో కష్టసుఖముల భేదమును సరిచేయుట యని తలిదండ్రులకు తెలియును; పిల్లల మార్కులను ఎవరో కాజేసిరను అనుమానము కొంత తగ్గును.

అన్నిటికంటె కఱకైన ప్రయోగము మనుష్యులను గూర్చినది. ‘నార్మల్ పిల్లలు’ అని ఉపాధ్యాయులే యందురు. చూపులేని పిల్లలతో పోల్చునపుడు చెప్పవలసినది ‘చూపుగల పిల్లలు’ అని. వినికిడి లేనివారితో పోల్చునపుడు ‘వినికిడిగల పిల్లలు’ అని. ఉన్న భేదమొక్కటి, ఆ యొక్కదానిని చెప్పినచో చాలును. ‘నార్మల్’ అన్నంతనే ఒక్క యింద్రియముయొక్క కొఱత మనుష్యుని మొత్తమునకు వ్యాపించును. నూటికి పదిమందికి ఎడమచేతివాటముండును. అది తక్కువమందికి ఉన్నదే గాని తక్కువైనది కాదు. అయినను ‘పుర్రచేతివాడు’ అని ఎందఱి వ్రేళ్లపై బెత్తము విఱుగలేదు! స్వలింగానురాగమును అమెరికా మానసికవైద్యుల సంఘము 1973లో వ్యాధుల పట్టికనుండి తొలగించినది. మన సుప్రీంకోర్టు 2018 సెప్టెంబరు 6న అట్టి వయోజనుల ఇచ్ఛాపూర్వక సంబంధము నేరము కాదని తీర్పుచెప్పినది. ఈ మధ్య కాలమున ఆ మనుష్యుల సంఖ్య మాఱలేదు, స్వభావము మాఱలేదు. వారిపై వేసిన విశేషణము మాఱినది. ఆ యొక్క విశేషణము క్రింద ఎన్ని బ్రదుకులు నలిగెనో!

దీనికి వెనుకవైపు నొకటి కలదు. తక్కువగా ఉన్నదానిని తప్పనుట ఎంత యన్యాయమో, ఎక్కువగా ఉన్నదానిని ఒప్పనుట అంత ప్రమాదము. ‘కన్యాశుల్కము’ తొలిముద్రణకు 1897లో వ్రాసిన ఆంగ్లపీఠికలో గురజాడ అప్పారావుగారు ఒక లెక్క చూపిరి. విజయనగర మహారాజావారు విశాఖపట్టణ మండలమున మూడేండ్లలో జరిగిన శుల్కవివాహముల పట్టిక వ్రాయింపగా, అసంపూర్ణమైన ఆ పట్టికలోనే 1,034 వివాహములు తేలినవి. అందు ఐదేండ్ల బాలికలు 99 మంది, నాలుగేండ్లవారు 44, మూడేండ్లవారు 36, రెండేండ్లవారు 6, ఒక్కయేటి పసికందులు 3. ఇంత తఱచుగా జరుగునది ‘సాధారణమే’ గదా యని నాడు పెద్దలు సమాధానము చెప్పుకొనియుందురు. అప్పారావుగారు ఆ సంఖ్యనే చూపి ఇది యెంత ఘోరమో చూడుడనిరి. 1881 డిసెంబరు 11న రాజమహేంద్రవరమున వీరేశలింగముగారు మొదటి వితంతువివాహమును జరిపించినపుడు, లెక్క ప్రకారము అంతకంటె అసాధారణమైన కార్యము ఆ సీమలో వేఱొకటి లేదు. ధర్మము సగటును బట్టి నిర్ణయమగునదైనచో ఆ దినమున ధర్మమంతయు ఆ వివాహమును అడ్డగింపవచ్చిన గుంపు పక్షముననే ఉండవలసివచ్చెడిది.

కొందఱు మిత్రులు ఇట్లు ఆక్షేపింపవచ్చును: ‘భాష వాడుకను బట్టి నడచును, నార్మల్ అను మాట ఇంటింట నిలిచినది, ప్రతి చోటను వేఱుమాట వెదకుట పండితుల పని.’ మాట వచ్చినందుకు మాకు దుఃఖము లేదు. రైలు వచ్చినది, పోస్టు వచ్చినది, ఉండనిండు. వస్తువుతో వచ్చిన పేరు వస్తువును చూపించి ఊరకుండును. ఈ విశేషణమన్ననో వస్తువును చూపక దానిపై తీర్పును మోసికొని వచ్చును. పైగా, వేఱు మాటలను క్రొత్తగా పుట్టింపవలసిన పని లేదు. లంబము, ఒరవడి, సగటు, మామూలు, ఆరోగ్యము, సబబు—ఇవన్నియు మన నాలుకలపై నున్నవే. ఇంగ్లీషువాడు ఒక్క సంచిలో వేసికొన్న ఆఱు వస్తువులను మనవారు ఆఱు గూళ్లలో సర్దియుంచిరి. సర్దిన యింటిని చెఱుపుకొని సంచిని మోయుట ఏమి నాగరకత?

మన వ్యాకరణమునుండియు ఒక పాఠము నేర్వవచ్చును. ఆకాశము ప్రకృతి, ఆకసము వికృతి యని పిల్లలకు చెప్పుదుము. వికృతి యన్నంతమాత్రమున ఆకసమునకు అవమానము లేదు. కవులు రెండింటిని సమానముగా ఆదరించిరి. మాఱుట వేఱు, చెడుట వేఱు అను వివేకము మన పరిభాషలోనే కలదు. దానిని మనుష్యులయెడల చూపమేల? ఫ్రెంచి వైద్యుడును తత్త్వవేత్తయు నగు కాంగ్విలెం 1943లో ప్రకటించిన సిద్ధాంతగ్రంథమున ఇట్టి యభిప్రాయమునే తెలిపెను. సగటుతో సరిపోవుట ఆరోగ్యము కాదు, మాఱిన స్థితికి తగిన క్రొత్త కట్టుబాటును దేహము తనకు తాను ఏర్పఱచుకొనగలుగుటయే ఆరోగ్యమని ఆయన మతము.

కావున చదువరులకు మా మనవి ఇంతే. ‘నార్మల్’ అను మాట చెవిని పడినపుడు మూడు ప్రశ్నలు వేసికొనుడు: ఇది కొలతా, లెక్కా, తీర్పా? కొలతయైనచో కొలబద్ద యేదియో అడుగుడు. లెక్కయైనచో ఎవరిని లెక్కించిరో అడుగుడు. తీర్పైనచో తీర్పరి యెవరో, ఏ యధికారమున చెప్పుచున్నాడో అడుగుడు. వ్రాయువారు ఆ మూడింటిలో తాము చెప్పదలచినదానికి తగిన తెలుగుమాటనే వ్రాయవలెను. మూలమట్టము గోడలు కట్టుటకు మిక్కిలి ఉపకరించును. పసిపిల్లలను దానితో కొలువరాదు.